ఉర్దూ రాని సాయిబులం. మీ ఇళ్ళ సంగతులు కూడా చెప్పండి

పరుపులకొట్టు అమ్మాయి:

అందరికీ నమస్కారం, సలాం. మాది నరసరావుపేట దగ్గర పల్లెటూరు. దూదేకులవాళ్ళం, అంటే తరతరాలుగా దూది ఏకే ముస్లింలం. ఇప్పుడు బెంగళూరులో ఉద్యోగం, కాపురం.

పోయిన నెల ఇల్లు మారాం. మొదట చూసిన ఇల్లు నచ్చింది, అడ్వాన్స్ మాటలు కూడా అయిపోయాయి. చివర్లో పేరు అడిగారు. షేక్ అనగానే "సాయంత్రం ఫోన్ చేస్తాం" అన్నారు. సాయంత్రానికి ఇల్లు వేరేవాళ్ళకి ఇచ్చేశారట. తర్వాత ఇంకో ఇల్లు దొరికింది. చేరిన వారానికి కింది అంతస్తులో ఉండే ఒకావిడ, ఆవిడా ముస్లిమే, లిఫ్ట్ దగ్గర ఉర్దూలో పలకరించారు. మాకు రాదండీ, ఇంట్లో తెలుగే మాట్లాడతాం అని వచ్చీరాని హిందీలో చెప్పాను. "అయితే మీరు అసలు ముస్లింలేనా?" అన్నారు. పక్కనే నా కూతురుంది. నాలుగో తరగతి చదువుతోంది. ఇంట్లోకి రాగానే "మనం ఎవరమమ్మా?" అని అడిగింది.

ఆ ఇంటివాళ్ళకేమో షేక్ అన్న పేరు ఎక్కువైంది. ఈవిడకేమో ఆ పేరొక్కటే చాల్లేదు. ఆ రాత్రి నాకు నిద్ర పట్టలేదు.

పిల్లకి స్కూల్లో "మా తాత చేసిన పని" అని ప్రాజెక్ట్ కూడా ఇచ్చారు. మా నాయన దూది ఏకేవాడు. నాకు ఊహ తెలిసేసరికి కరెంటు మిషన్లు వచ్చాయి కానీ చిన్న చిన్న పనులకి విల్లే వాడేవాడు. మనిషి పొడుగు ఉండేది. దూలానికి తాడు కట్టి దాన్ని వేలాడదీసేవాడు. నారి దూది కుప్పలో మునిగేట్టు పట్టుకుని కొయ్య సుత్తితో కొడితే "టుంయ్"మని మోగేది. ఆ అదురుకి మట్టి, గింజ ముక్కలు కిందికి రాలిపోయి, దూది పొగలా లేచి గదంతా నిండేది. నేను బడి నుంచి వచ్చేసరికి నాయన కనుబొమ్మలు, రెప్పలు తెల్లగా ఉండేవి. చెంబుతో నీళ్ళిస్తే ముందు పుక్కిలించి ఉమ్మేసి, ఆ తర్వాత తాగేవాడు. పని మానేసి ఇన్నేళ్ళయినా ఆ దగ్గు మాత్రం పోలేదు.

దూదేకుల ఇళ్ళలో పుట్టినవాళ్ళు, పక్కింట్లో పెరిగినవాళ్ళు మీకు తెలిసింది చెప్పండి. పిల్లకి నేనిచ్చే జవాబు గట్టిగా ఉండాలి.

పెన్న ఒడ్డు:

అమ్మా, మాది కడప. ముందు పేర్ల సంగతి చెప్తాను. ప్రభుత్వం బీసీ జాబితాలో మన పేరు "దూదేకుల, లద్దాఫ్, పింజారి లేదా నూర్‌బాషా" అని ఉంటుంది. దూదేకుల అచ్చ తెలుగు మాట. లద్దాఫ్ అరబ్బీ నుంచి వచ్చింది. అక్కడ దూది ఏకేవాణ్ణి నద్దాఫ్ అంటారు, మన నోళ్ళలో నలిగి లద్దాఫ్ అయింది. కర్ణాటకలో నదాఫ్‌లు అని ఉంటారు, వాళ్ళదీ ఇదే వృత్తి. మర్యాదగా రాసుకునేది నూర్‌బాషా.

ఇక పింజారి. ఊళ్ళలో ఈ మాటని తిట్టుగా వాడతారు. ఎదుటివాడు ఏ కులమైనా సరే, కోపం వస్తే "పింజారోడా" అంటారు. చిన్నప్పుడు బళ్ళో ఆ మాట వినపడినప్పుడల్లా తల వంచుకునేవాణ్ణి. మీరు చల్లగా పడుకునే పరుపులో దూది ఏకి పెట్టినవాడి పేరు తిట్టు ఎందుకైంది? బుర్రకథ అంటే గుర్తొచ్చే షేక్ నాజర్ గారు మనవాళ్ళే. గుంటూరు దగ్గర పొన్నెకల్లులో 1920లో పుట్టారు. ప్రజానాట్యమండలిలో చేరి పల్నాటి యుద్ధం, అల్లూరి సీతారామరాజు కథలు వేలమంది ముందు చెప్పారు. 1986లో పద్మశ్రీ వచ్చింది. ఆయన తన జీవితకథకి పెట్టుకున్న పేరు "పింజారి". అది చదివాక నేను తల వంచుకోవడం మానేశాను.

"ఏకై వచ్చి మేకై కూర్చున్నాడు" అని తెలుగువాళ్ళంతా అంటారు కదా, ఆ ఏకు మన చేతిలోదే. ఏకిన దూదిని వేలి లావున చుడితే ఏకు, దాన్నుంచే రాట్నం మీద నూలు తీసేది. అలాగే "తురకలు లేని ఊళ్ళో దూదేకులవాడే సయ్యదు" అనే సామెత కూడా ఉంది. మీకు లిఫ్ట్ దగ్గర ఎదురైన ప్రశ్న ఈ సామెతంత పాతది. ఇవాళ కొత్తగా పుట్టింది కాదు.

మా జిల్లాలో ఇంకో సంగతి. పోతులూరి వీరబ్రహ్మంగారి శిష్యుల్లో ముఖ్యుడు దూదేకుల సిద్ధయ్య. ముడుమాల ఆయన ఊరు. బ్రహ్మంగారి మఠానికి వెళ్ళినవాళ్ళు సిద్ధయ్య పేరు తలవకుండా తిరిగి రారు. ఉగాది రోజు దేవుని కడపలో లక్ష్మీ వేంకటేశ్వరుడి గుడికి ముస్లింలు టెంకాయలు పట్టుకుని వస్తారు. స్వామిని పెళ్ళాడిన ముస్లిం పిల్లగా చెప్పుకునే బీబీ నాంచారి మా ఆడపడుచు, స్వామి మా అల్లుడు అని వాళ్ళ లెక్క. మా జేజి నన్ను చంకనేసుకుని తీసుకెళ్ళేది. అల్లుడింటికి ఉత్త చేతులతో పోకూడదని బెల్లం, చింతపండు సంచిలో పెట్టుకునేది.

చార్మినార్ పక్క సందు:

అక్కా, ముందు ఆవిడ తరఫున నేను మాఫీ అడుగుతున్నాను. మాది ఉర్దూ ఇల్లు. మా అమ్మ కూడా పల్లె నుంచి వచ్చిన తెలుగు ముస్లింలని చూసి "వీళ్ళకి జుబాన్ రాదు", అంటే భాష రాదు, అనేది. ఆ మాట తప్పని నాకు తెలియడానికి చాలా ఏళ్ళు పట్టింది.

మా దాదా, అంటే తాత, ఉస్మానియాలో చదివారు. 1918లో మొదలైన ఆ యూనివర్సిటీలో డాక్టరీ, ఇంజనీరింగ్ కూడా ఉర్దూలోనే చెప్పేవాళ్ళు. 1948లో హైదరాబాద్‌ని భారత్‌లో కలిపిన పోలీసు చర్య జరిగాక కొన్నాళ్ళకే చదువులు ఇంగ్లీషులోకి వెళ్ళాయి. తర్వాత ఆఫీసుల్లో తెలుగు వచ్చింది. అప్పటిదాకా గౌరవంగా బతికిన గుమాస్తాలు, మాస్టర్లు ఒక్కసారిగా చదువు రానివాళ్ళలా అయిపోయారు. దాదా యాభై ఏళ్ళ వయసులో పలక మీద అఆలు దిద్దుకున్నారని నాన్న చెప్తారు. భాష పోతే మనిషికి ఎంత దెబ్బో మా ఇంటికి తెలుసు. అలాంటి మేమే మీ భాషని చిన్న చూపు చూడడం మరీ తప్పు.

హైదరాబాద్ దక్కనీ కూడా లక్నో వాళ్ళు నవ్వే భాషే. వద్దు అనడానికి మేం మాటకి ముందు "నక్కో" అంటాం, అది మరాఠీ నుంచి వచ్చింది. ఇంకో మాట, కుతుబ్‌షాహీల కాలంలో తెలుగు దర్బారులో ఉండేది. ఇబ్రహీం కుతుబ్‌షాని తెలుగు కవులు మల్కిభరాముడు అని పిలుచుకున్నారు. ఆయన కాలంలో పటాన్‌చెరు ప్రాంతపు పాలన చూసిన అమీన్‌ఖాన్‌కి పొన్నికంటి తెలగన "యయాతి చరిత్ర" అంకితం ఇచ్చాడు. అది మొట్టమొదటి అచ్చ తెలుగు కావ్యం. సంస్కృతం మాట కలవకుండా రాసిన మొదటి కావ్యాన్ని పుచ్చుకున్నవాడు ఒక ఖాన్ అని మీ అమ్మాయికి తప్పకుండా చెప్పండి.

గూగూడు దారి:

మేము అనంతపురం జిల్లా. మా ఇంట్లో పండగ అంటే మొహర్రం నెల పీర్ల పండగే. నార్పల దగ్గర గూగూడులో కుళ్ళాయిస్వామి పీరు ఉంది. ఎక్కడెక్కడి నుంచో వస్తారు జనం. వచ్చేవాళ్ళలో హిందువులే ఎక్కువ. చావిడి ముందు గుండం తవ్వుతారు. పీర్లని ఎత్తుకున్నవాళ్ళు నిప్పుల మీద నడుస్తారు. రొట్టె, బెల్లం కలిపి నలిపిన మలీద ముద్దలు చేసి ఫాతిహా చదివించి పంచుతారు. మా తాత పీరు ఎత్తేవాడు. పట్టు గుడ్డలు, పూలు చుట్టిన ఆ వెండి పంజా ఊరేగింపులో వస్తుంటే రెడ్డోళ్ళ ఆడవాళ్ళు బిందెలతో నీళ్ళు తెచ్చి ఆయన కాళ్ళు కడిగేవాళ్ళు. మిగతా సంవత్సరమంతా వాళ్ళ అరుగు కింద నిలబడి కూలి తీసుకున్న మనిషి ఆయన. ఆ పది రోజులూ మాత్రం ఆయన అరుగెక్కేవాడు.

ఇప్పుడు మా కుర్రాళ్ళు ఇదంతా ఇస్లాం కాదంటున్నారు. మా ఊళ్ళో పీరు ఎత్తే మనిషి దొరకడం కష్టంగా ఉంది. నాకు చాలా బాధగా ఉంది.

రాయచోటి నుంచి కువైట్:

గూగూడు అన్నా, ఆ కుర్రాళ్ళలో నేనూ ఒకణ్ణి. కోపం తెచ్చుకోకుండా వినండి. నేను కువైట్ వచ్చి పన్నెండేళ్ళయింది. ఇక్కడికి వచ్చాకే నమాజ్ సక్రమంగా నేర్చుకున్నాను. మా నాయన కూడా పీరు ఎత్తినవాడే. మా ఇంట్లో ఇస్లాం విశ్వాస ప్రమాణమైన కల్మా పూర్తిగా వచ్చినవాళ్ళు ఎవరూ లేరు. చావు వస్తే జనాజా నమాజ్ చదివించడానికి పక్క ఊరి నుంచి మనిషిని పిలిపించుకోవాల్సి వచ్చేది. ఆ మనిషి కూడా "దూదేకులోళ్ళకి ఇవన్నీ తెలియవులే" అని మా ముందే అనేవాడు. మా అవ్వని ఖననం చేసిన రోజు ఆ మాట విన్నాను. దీన్, అంటే మా మతం, తెలుసుకోవాలన్న పట్టుదల నాకు అక్కడ పుట్టింది. అల్లా తప్ప వేరే ఎవరికీ మొక్కకూడదని నేను నమ్ముతాను. అందులో రాజీ లేదు.

కానీ దీన్ కోసం తెలుగు వదలాలని ఎవరన్నా ఒప్పుకోను. చిలుకూరి నారాయణరావు గారు, ఒక హిందూ పండితుడు, ఖురాన్‌ని తెలుగులోకి తెచ్చారు. ఇప్పుడు ముస్లింలు చేసిన అనువాదాలూ ఉన్నాయి. "గీటురాయి" లాంటి తెలుగు ఇస్లామీ పత్రిక ఉంది. నేను ఖురాన్ అర్థం తెలుసుకున్నది తెలుగులోనే. మా ఊరి మసీదులో మాత్రం శుక్రవారం బయాన్, అంటే ప్రసంగం, ఇప్పటికీ ఉర్దూలోనే చెప్తారు. మా నాయన ముందు వరసలో కూర్చుని తలూపుతాడు. ఏం చెప్పారు నాయనా అంటే "మంచి మాటలే చెప్పారు" అంటాడు. తెలుగులో చెప్పమని కమిటీని అడిగాం. ఇంకా తేల్చలేదు.

గూగూడు దారి:

తమ్ముడూ, మీ అవ్వ సంగతి చదివాక నీ పట్టుదల ఎక్కడిదో అర్థమైంది. మసీదులో తెలుగు బయాన్ కావాలని అడిగితే నేనూ నీ వెంట వచ్చి అడుగుతాను. పీర్ల దగ్గర మాత్రం మనిద్దరం కలవం. ఊరంతా కలిసే చోటు అదొక్కటే మాకు. అది పోతే ఆ చోటు ఏది నిలుపుతుంది?

రాయచోటి నుంచి కువైట్:

నా దగ్గర జవాబు లేదన్నా. దాని గురించి నేనూ ఆలోచిస్తున్నాను.

కరవది దగ్గర:

నేను ప్రకాశం జిల్లా నుంచి. మా పుట్టింటివాళ్ళది సన్నాయి వృత్తి. నరసరావుపేట అక్కయ్యకి ఇది తెలిసే ఉంటుంది, కోస్తాలో దూదేకులవాళ్ళకి దూది ఒక చేతిలో, నాదస్వరం ఇంకో చేతిలో. షేక్ చినమౌలానా గారు మా పక్కన కరవదిలోనే 1924లో పుట్టారు. తంజావూరు బాణీ మీద ఇష్టంతో తమిళదేశం వెళ్ళి శ్రీరంగంలో స్థిరపడ్డారు. రంగనాథుడి సన్నిధిలో వాయించారు, ఐదు పూటలా నమాజ్ చదివారు. 1977లో పద్మశ్రీ, 1998లో సంగీత కళానిధి. ఆయన శిష్యులు షేక్ మహబూబ్ సుభానీ, కాలీషాబీ దంపతులకి 2020లో పద్మశ్రీ వచ్చింది. ఆడమనిషి నాదస్వరం పట్టడమే అరుదు. అంత బరువైన వాద్యంలో ఊపిరి నిలపాలంటే ఎంత సాధన ఉండాలో ఇంట్లో చూశాను కాబట్టి చెప్తున్నాను. 2022లో భద్రాచలం గుళ్ళో వాయించిన షేక్ హసన్ సాహెబ్ గారికి, చనిపోయాక, పద్మశ్రీ ఇచ్చారు.

మా నాన్న అంత పెద్దవారేం కాదు. పెళ్ళి మేళానికి వెళ్ళేవారు. తెల్లవారుజామున నూతి గట్టు మీద కూర్చుని, సన్నాయి పీకని నాలుక మీద తడిపి, వెలుతురుకి ఎత్తి చూసి, మళ్ళీ తడిపేవారు. అరగంట అదే పని. ఆ తర్వాత భూపాల రాగం. ఆ ఊళ్ళో దేవుణ్ణి నిద్ర లేపింది మా నాన్న వాయింపే. రంజాన్ నెలలో ఉపవాసం ఉండి కూడా సుప్రభాతానికి వెళ్ళేవారు. ఒకసారి గుళ్ళో కొత్తగా వచ్చిన కుర్రాడొకడు "ఈ సాయిబు ఎందుకు లోపలికి" అంటే, పూజారి గారు గంట పక్కన పెట్టి బయటికి వచ్చి, మేళం లేందే తెర తీయనన్నారు. నాన్న ఆ సంగతి చెప్పిన ప్రతిసారీ గొంతు పట్టుకుపోయేది.

ఇప్పుడు మా అన్నదమ్ముల్లో వాయించేవాళ్ళు లేరు. పెళ్ళిళ్ళలో కూడా బ్యాండో, డీజేనో పెడుతున్నారు. నాన్న సన్నాయి బీరువాలో ఉంది.

లెక్కల మాస్టారు:

పిల్లల చదువులు, ఉద్యోగాల దగ్గర పనికొచ్చేది నేను చెప్తాను. 2011 లెక్కల్లో ఉమ్మడి రాష్ట్రంలో ముస్లింలు దాదాపు 81 లక్షలు, అంటే సుమారు 9.6 శాతం. వీళ్ళందరిదీ ఒకే కథ కాదు. హైదరాబాద్ నవాబు మనవడు, గుంటూరు దూదేకుల, రాళ్ళు కొట్టే తురక కాశ, ఎలుగుబంటిని ఆడించే గుడ్డెలుగువాళ్ళు, అత్తరు సాయిబులు, అచ్చుకట్లవాళ్ళు, గారడీ సాయిబులు, అందరినీ కలిపి ఒక గంపలో వేస్తారు.

దూదేకులవాళ్ళు 1970 జాబితా నుంచే బీసీల్లో బీ గ్రూపులో (బీసీ-బీ) ఉన్నారు. మిగతా వెనకబడ్డ ముస్లింలలో చాలామందికి ఎన్నో ఏళ్ళు రిజర్వేషన్ ఏమీ లేదు. 2004లో ఇచ్చిన 5 శాతం, 2005 చట్టం కోర్టుల్లో కొట్టుకుపోయాయి. 2007లో చేసిన చట్టంతో బీసీ-ఈ గ్రూపు వచ్చింది, 4 శాతం. అందులో సయ్యద్, మొగల్, పఠాన్ లాంటివాళ్ళు లేరు. అంటే మతం చూసి కాదు, వెనకబాటు చూసి ఇచ్చింది. దాన్ని 2010లో హైకోర్టు కొట్టేసింది, అదే ఏడాది సుప్రీంకోర్టు మధ్యంతర ఉత్తర్వుతో నిలబెట్టింది. ఆ 4 శాతం వల్ల మెడికల్ సీటు తెచ్చుకున్న పంక్చర్ షాపు వాళ్ళ పిల్లలు నాకు తెలుసు.

కానీ దూదేకుల పిల్లలకి ఒక చిక్కు ఉంది. బీసీ-ఈ జాబితాలో "షేక్" కూడా ఉంది. మనవాళ్ళలో చాలామంది ఇంటిపేరు షేక్. మా అబ్బాయి సర్టిఫికెట్‌కి వెళ్తే కౌంటర్లో ఆయన "షేక్ అయితే ఈ కదా, బీ ఎలా ఇస్తాం" అని తిప్పి పంపారు. మళ్ళీ వెళ్తే "తెలుగులో మాట్లాడుతున్నావు, ఇది మళ్ళీ వేరే విచారణ" అన్నారు. మా నాన్న స్కూల్ టీసీలో 'దూదేకుల' అని రాసి ఉన్న ఒక్క కాగితం కాపాడింది. కౌన్సెలింగ్ తేదీ దగ్గరపడుతుంటే ఆ మూడు వారాలు ఇంట్లో అందరికీ టెన్షనే. కాబట్టి అమ్మా, మీ నాయన పాత టీసీ, మీ టీసీ జాగ్రత్తగా దాచండి. పిల్లకి స్కూల్లో చేర్చేటప్పుడే కులం గడిలో స్పష్టంగా రాయించండి.

ఉర్దూ సంగతి కూడా ఒక మాట. ఉర్దూని తెలంగాణలో 2017లో, ఆంధ్రప్రదేశ్‌లో 2022లో రాష్ట్రమంతా రెండో అధికార భాషగా చేశారు. మంచిదే. కానీ ముస్లింల మేలు కోసమని ఉర్దూ బడి ఒక్కటీ పెట్టి ఊరుకుంటే, ఇంట్లో తెలుగు మాట్లాడే ఈ లక్షలమందికి ఒరిగేదేముంది?

మస్తానమ్మ మనవడు:

నేను హిందువుని. నెల్లూరు జిల్లా. మా నానమ్మ పేరు మస్తానమ్మ. పుట్టిన పిల్లలు దక్కకపోతే కసుమూరు మస్తాన్‌వలి దర్గాలో మొక్కుకున్నారట, ఈవిడ దక్కింది. మా వైపు ప్రతి ఊళ్ళో మస్తానయ్యలు, మస్తానమ్మలు ఉంటారు. మా పక్కిల్లు దూదేకులవాళ్ళది. వాళ్ళ పెద్దాయన్ని మామా అనేవాణ్ణి. మా అక్క పెళ్ళికి పరుపులు ఆయనే కుట్టారు. బూరుగు దూది ఎండలో పోసి, గింజ ఏరి, దబ్బనంతో మూలలు కుడుతుంటే నేను దారం అందించేవాణ్ణి. "పెళ్ళి పరుపులో ఒక్క గింజ ఉండకూడదు రా, పిల్లకి ఒత్తుకుంటుంది" అనేవారు. డబ్బులు తీసుకోలేదు. పసుపు పెట్టిన ధోవతి మాత్రం తీసుకున్నారు. వాళ్ళమ్మాయి నిఖాకి ఖాజీ గారు ఎదురుగా ఉన్నా, నల్లపూసలు కట్టే ముందు నలుగు పెట్టింది మా అమ్మే.

ఈ మధ్య ఊళ్ళో కొందరు నన్ను పక్కకి పిలిచి వాళ్ళతో అంత రాకపోకలు ఎందుకంటున్నారు. ఇరవై ఏళ్ళ కింద ఆ మాట అనే ధైర్యం ఎవరికీ లేదు. మీ ఇంటి సంగతి చదివి సిగ్గుపడ్డాను చెల్లెమ్మా. ఇల్లు ఇవ్వనివాళ్ళలో మావాళ్ళే ఎక్కువని నాకు తెలుసు.

పరుపులకొట్టు అమ్మాయి:

రెండు రోజులుగా ఇవన్నీ మా అమ్మాయికి చదివి వినిపిస్తున్నాను. దానికి అన్నిటికంటే నచ్చింది మలీద ముద్దలు, సన్నాయి పీక. అమీన్‌ఖాన్ సంగతి వాళ్ళ తెలుగు టీచర్‌కి చెప్తానని పుస్తకంలో రాసుకుంది.

మాస్టారూ, పోయినసారి ఊరెళ్ళినప్పుడు నాయన టీసీ చూశాను. "నూర్‌బాషా" అని ఉంది. ఫోటో తీసుకున్నాను. కింది అంతస్తు ఆవిడతో నిన్న మళ్ళీ మాట్లాడాను. నేనే వెళ్ళాను. దూది ఏకడం గురించి చెప్తే, వాళ్ళ తాత అలీగఢ్‌లో తాళాలు చేసేవాడని చెప్పారు. పొడుగ్గా మాట్లాడుకోలేదు కానీ, వచ్చేటప్పుడు పిల్ల చేతిలో బిస్కెట్లు పెట్టారు.

ప్రాజెక్ట్ కోసం నాయనకి వీడియో కాల్ చేశాం. విల్లు అటక మీద ఉందట. తమ్ముడు దించాడు. నారి ఎప్పుడో తెగిపోయింది. అది మేక నరంతో పేనేవాళ్ళట, ఇప్పుడు ఎక్కడా దొరకదని సైకిల్ బ్రేకు వైరు బిగించాడు నాయన. మంచం కోడుకి ఆనించి పట్టుకుని, తలగడ చించి తీసిన దూది మీద రెండు దెబ్బలు కొట్టాడు. మోత సరిగ్గా రాలేదు, గరగరమంది. నాయన ఒప్పుకోలేదు. వైరు వదులు చేసి, మళ్ళీ బిగించి, చెవి దగ్గర పెట్టుకుని మీటి చూసి, మూడోసారి కొట్టాడు. ఈసారి మోగింది. మా పిల్ల ఫోన్ చెవికి ఆనించుకుని "తాతా, ఇంకోసారి" అంది. నాయన దగ్గుతూనే ఇంకోసారి కొట్టాడు.